తుంబల లోకపు ముడి

లోకాలు ఎలా పుట్టాయో చెప్పే కథలు చాలా చదివాను. గుడ్డు పగిలి పుట్టినవి, నీళ్ళలోంచి తేలినవి, ఎవరో పెద్దాయన తుమ్మితే ఊడిపడినవి. అంతకుముందు ఏముందని అడగబోతే ఏ పుస్తకమైనా ముఖం తిప్పుకుంటుంది. ముఖం తిప్పుకోని కథ ఒక్కటే విన్నాను. అదీ అమీర్‌పేటలో, కోచింగ్ బోర్డుల కింద ఇరుకు సందులో, ప్యాంటు పొట్టి చేయించుకుంటూ.

చెప్పినవాడు దర్జీ అంబదాస్. సిరిసిల్లలో మగ్గం మీద పెరిగి, మగ్గానికి పని తగ్గాక పట్నం వచ్చి, మధురానగర్ హాస్టల్ పిల్లలకు బట్టలు కుట్టి బతికిన మనిషి. కూర్చుంటే కాలు ఆడుతూనే ఉంటుంది. మిషన్ ఆగినా కాలు ఆగదు. కూతురు సంగీత చిన్నప్పుడు, కరెంటు పోయిన సాయంత్రాల్లో ఆమెకు చెప్పడానికి తుంబల అనే లోకాన్ని కల్పించాడు. అక్కడ కొండలు నడుస్తాయి, నదులు అలిగి ఊరు మారతాయి. అక్కడి పెద్దల నమ్మకం ఏమిటంటే, తుంబలకు మొదలంటూ లేదు. అయిపోయిన ఇంకో లోకపు కొసకు దాన్ని ముడేశారు. ఆ ముడి ఇంకా సూది బెజ్జం దాటుతూనే ఉంది. అందుకే అక్కడ పుట్టినవాళ్ళకు ఎక్కడా కాలు నిలవదు.

ఇది గాల్లోంచి వచ్చిన ఊహ కాదు. బట్ట నేయడం పూర్తయితే నేతగాడు పాత దారాలన్నీ తీసెయ్యడు. వాటి కొసలు మగ్గంలోనే ఉంచి, కొత్త పోగులను ఒక్కొక్కటిగా అతుకుతాడు. అంబదాస్ మిషన్ మీదా అదే చేశాడు. రీలు అయిపోవస్తే కొత్త దారాన్ని పాత కొసకు, బెజ్జంలో దూరేంత సన్న ముడితో కలిపి లాగేవాడు. ఆ దుకాణంలో సూదికి దారం ఎక్కించడం నేనెన్నడూ చూడలేదు. ఆ మాటకొస్తే అమీర్‌పేట ఎక్కడ అయిపోయి పంజాగుట్ట ఎక్కడ మొదలవుతుందో కూడా, ఇన్నేళ్ళు తిరిగినా, నాకు తెలియలేదు.

సంగీత ఇప్పుడు పంజాగుట్టలో వీడియో గేములు తయారుచేసే చిన్న ఆఫీసులో పనిచేస్తోంది. కొత్త గేముకు తుంబలనే ఇచ్చింది. అందరికీ నచ్చింది. చిక్కంతా మొదలు దగ్గరే వచ్చింది. ఆమె పై అధికారి అభిలాష్, రాజమండ్రి వైపు కుర్రాడు. "ఫస్ట్ ఎవరో ఒకరు ఉండాలి కదండీ. మొదలే లేదంటే ఆడేవాడు ఎక్కడ స్టార్ట్ చేస్తాడేంటి? ఓ సూర్యదేవుణ్ణి పెట్టేయండి," అన్నాడట. సోమవారానికి అది తేలకపోతే తుంబల మూలకు పోతుంది, ఆమె ఉద్యోగం పర్మనెంటయ్యే ఆశా పోతుంది.

ఆదివారం ఆమె దుకాణానికి వచ్చేసరికి నేను ప్యాంటు కోసం అక్కడే కూర్చున్నాను.

"బాపు, సూర్యున్ని పెడ్తున్న."

"పెట్టుకో బిడ్డా. నాకేం ఫికర్ లేదు." కాలు మాత్రం ఇంకా వేగంగా ఆడింది.

"కోపమొచ్చిందా?"

"కోపమెందుకు? నీ నౌకరి ముఖ్యం. సూర్యుడు సుత మంచోడే."

"నీ మొహం జూస్తే ఆ సూర్యునికి గ్రహణం పట్టినట్టున్నది."

నేను నవ్వాను. అంబదాస్ నవ్వలేదు. నా ప్యాంటు మిషన్ కిందికి జరిపి, అయిపోయిన రీలు మార్చబోయాడు. మనసు ఎక్కడుందో, కొత్త దారం ముడెయ్యకముందే పాతదాన్ని సూది దగ్గర కత్తెరతో కత్తిరించి లాగేశాడు. వేరే దర్జీకైతే అది లెక్కలోకి రాని పని. ఇతను మాత్రం ఖాళీ సూదిని చూస్తూ ఉండిపోయాడు.

కళ్ళజోడు సర్దుకుని, కొత్త దారం తడిపి ఎక్కించబోయాడు. ఎక్కలేదు. మళ్ళీ ఎక్కించి చూశాడు. పక్క రోడ్డు మీద మెట్రో పోయింది, బల్ల అదిరింది. అతని కాలు ఆగిపోయింది. అది ఆగడం చూస్తే నాకెందుకో భయమేసింది.

"చూసినవా," అన్నాడు మెల్లగా. "మొదలుపెట్టుడంటే గిట్లుంటది. పట్టుకుందామంటే ఏం లేదు."

సంగీత వంగి, కిందపడ్డ పాత దారం ముక్క ఏరింది. దాన్ని కొత్త దారానికి ముడేసి, పాత కొసనే సూదిలోకి ఎక్కించింది.

"గది దొంగపని బిడ్డా. తెగింది తెగినట్టే."

"సిరిసిల్ల నుంచి గిక్కడిదాక నువ్వు చేసింది గదే కద బాపు."

అతను మిషన్ తొక్కాడు. ముడి బెజ్జం దగ్గర జర తట్టుకుని, దాటింది. సంగీత దాన్నే చూస్తూ నిలబడి, ఉన్నట్టుండి ఫోను తీసి గుమ్మంలోకి నడిచింది.

"అభిలాష్ గారు, సూర్యుడొద్దు. ఫస్ట్ స్క్రీన్ మీద తెగిన దారం ఉంటది. ఆడేటోడు ముడేస్తేనే లోకం కదుల్తది."

అభిలాష్ గొంతు నాకూ వినిపించింది. "ఆ దారం ఎక్కడిదని అడుగుతారు కదండీ?"

"అడగనియ్యండి."

అటునుంచి అభిలాష్ అన్నాడు, "సరే. స్టార్ట్ అయితే దొరికింది. రేపు ఇదే చూపిద్దాం."

అంబదాస్ తలెత్తలేదు. కాలు మాత్రం మళ్ళీ ఆడటం మొదలైంది. ఆ ముడి నా ప్యాంటు అంచులోకి పోయింది. అతను ప్యాంటు మడిచి ఇచ్చేలోపే నేను లేచి నిలబడ్డాను, ఎటో ఒకవైపు నడవాలని.