జర్మనీ సాబ్ బెల్టు

విమానం ఎక్కగానే వచ్చే ఆ సీట్లు తుడిచే నిమ్మకాయ మందు వాసనంటే నాకు ఒళ్లు మండుతుంది, ఎందుకంటే చిన్నప్పుడు గల్ఫ్‌లో మా కరామా ఇంట్లో అది మస్తాన్ చిన్నాయన వాసన. ఆయన మా నాయనకు నెల్లూరు నుంచీ స్నేహితుడు. మా హాల్లోనే పరదా వెనక మంచం వేసుకుని ఉండేవాడు, ఎయిర్‌పోర్టులో విమానాలు శుభ్రం చేసేవాడు, ప్రతి సీటు మీదా బెల్టును గుణకారం గుర్తులా మడిచి పెట్టడం తనలా ఎవరికీ రాదని గొప్పలు పోయేవాడు.

కరోనా వచ్చిన ఏడు నేను ఏడో తరగతి. విమానాలు ఆగిపోయాయి, చిన్నాయనకు ఫోన్లోనే ఖలాస్, ఇక పనికి రావద్దని చెప్పేశారు. ఆ రంజాన్‌కు బయట తిరిగే వీల్లేక, అమ్మ పుదీనా వేసి కాచే ఇఫ్తార్ గంజి ఘుమఘుమలాడుతుండగా, ఎవరో సీట్లో వదిలేస్తే అడిగేవాళ్లు లేక చిన్నాయనకు దక్కిన ఒక ఇంగ్లీషు బొమ్మల పుస్తకాన్ని నేను చదివి చెప్పేదాన్ని, ఆయన దాన్ని మళ్లీ మా తమ్ముడికి సొంత కథలా చెప్పేవాడు. మొదటి ప్రపంచ యుద్ధంలో శత్రువుల విమానాలు కూల్చిన ఒక జర్మన్ పైలట్ జీవితం అది. పేరుకు నోరు తిరగక మాకు జర్మనీ సాబ్ అయ్యాడు. పంతులు కొడుకు, చిన్నప్పుడు ఉబ్బసం, కాలవలో మునిగిపోతున్న శత్రుదేశపు పిల్లవాణ్ణి దూకి బయటికి లాగాడు, ఎండను వీపుకు పెట్టుకుని దాడి చెయ్యాలని కొత్త పైలట్లకు నేర్పాడు. మేమూ కుర్చీలు తిరగేసి, కిటికీలోంచి సాయంత్రపు ఎండ వీపు మీద పడేలా కూర్చుని, నోటితో ఇంజను మోగిస్తూ చిన్నాయన మీదికి దూకేవాళ్లం. చివరికి జర్మనీ సాబ్‌ను శత్రువులు కూల్చలేదు. సొంత స్నేహితుడి విమానం రాసుకుని రెక్క దెబ్బతిని పడ్డాడు, బెల్టు సరిగా పెట్టుకోలేదు. అక్కడికి వచ్చేసరికి చిన్నాయన ప్రతిసారీ తల పట్టుకునేవాడు.

“నేనక్కడుండుంటే పెట్టించుండేవాణ్ణి మే.”

తర్వాత నాయన తన కంపెనీలోనే ఆయనకు టవర్ల అద్దాలు తుడిచే పని ఇప్పించాడు. సేఫ్టీ బెల్టు కొక్కెం విరిగి వారమైందని, అడిగితే ముదీర్, అంటే వాళ్ల మేనేజరు, యల్లా యల్లా అని తరుముతున్నాడని చిన్నాయన అన్నం ముందు కూర్చుని చెప్పాడు. నాయన విన్నాడు, నేనూ విన్నాను. మూడో రోజు చిన్నాయన పైనుంచి పడిపోయాడు, బతకలేదు.

నాయనకు అప్పుడు ఇంటి నుంచే ఆఫీసు పని. ఆ పరదా పక్కనే కూర్చుని కంప్యూటర్లో ప్రమాదం రిపోర్టు కొడుతుంటే తెర మీద చదివాను: బెల్టు పెట్టుకోలేదు, తప్పు పనివాడిదే. ఎవరెవరి సీట్లకో జన్మంతా బెల్టులు సర్దిన మనిషి గురించి రాసిన మాట అది!

“కొక్కెం విరిగిందని నీకు తెలుసు గదా నాయనా?”

“గమ్మునుండు మే. ముదీర్ చెప్పిందే కొట్టా. మన వీసా గూడా ఆయన చేతిలోనే ఉండాది.”

ఆయన భయం నాకు అర్థం కాక కాదు. క్షమించడమే నా వల్ల కాలేదు, ఇప్పటికీ కాదు. జర్మనీ సాబ్ స్నేహితుడు గాల్లో చూసుకోక తగిలాడు. మా నాయన చూస్తూ చూస్తూ ఒక్కొక్క అక్షరమే కొట్టాడు.

ఈ ఏడు కాలేజీలో చేరడానికి నాయనతో కలిసి ఊరికి బయల్దేరాను. నిమ్మకాయ వాసన అదే. మా హాల్లో పరదా లేదు, పుస్తకం ఎవరికిచ్చామో గుర్తు లేదు, నా సీటు మీద బెల్టు మడిచేవాళ్లు లేక ఒక పక్కకు వేలాడుతోంది.

“బెల్టు పెట్టుకో మే,” అన్నాడు నాయన.

“పెట్టుకున్నా,” అన్నాను. “రిపోర్టులో రాసుకో.”