అసలు బొమ్మకు ముందు

ఐర్లండ్‌లోని ఎన్నిస్ ఊళ్లో నేను గది అద్దెకు తీసుకున్న ఇంటావిడకు డెబ్బై దాటాయి. ఒక ఉదయం టోస్టు మాడుతున్నా పట్టించుకోకుండా వచ్చి చెప్పింది: ఆదివారం ఊళ్లో ఫిల్మ్ క్లబ్బువాళ్లు ఒక పాత సినిమా వేస్తున్నారట. దానికి ముందు, ఆ కాలపు హాళ్లలో వేసినట్టే, ఒక చిన్న పాటల చిత్రం కూడా ఉంటుందట. ఒక గాయకుడు, వరుసగా నిలబడి ఆడే అమ్మాయిలు, ఒక గారడీవాడు.

"ఆ వరుసలో మా అమ్మ ఉంది. పెళ్లయ్యాక మానేసింది. అమ్మ ఆడుతుంటే నేనెప్పుడూ చూడలేదు."

పక్కవీధి తెలంగాణ అంకుల్‌ని కూడా రమ్మన్నాను. మూడింటికల్లా ఉండాలని మరీమరీ చెప్పాను.

తెర మీద గాయకుడు పాడి వెళ్లాడు. అమ్మాయిలు వచ్చారు. ఇంటావిడ నా చెయ్యి పట్టుకుంది. సరిగ్గా అప్పుడే అంకుల్ పాప్‌కార్న్ పట్టుకుని వచ్చి, మా ముందు నిలబడి సీటు వెతకసాగారు.

"అంకుల్, కూర్చోండి!"

"ఆగు బిడ్డా, అసలు సినిమా ఇంకా షురూ గాలే. ముంగట యాడ్సే గదా!"

ఆయన కూర్చునేసరికి గారడీవాడు టోపీలోంచి పావురాన్ని తీస్తున్నాడు.

"గ్రాండ్, గ్రాండ్, ఏం పర్లేదు," అంటూ ఇంటావిడ కళ్లజోడు తుడుచుకుంది. ఇక్కడివాళ్లు ఏమీ బాగాలేనప్పుడు కూడా అదే మాటంటారు.

అంకుల్ చెవిలో సంగతి చెప్పాను. ఆయన నాలుక కరుచుకున్నారు. చిత్రం అయిపోయింది, చప్పట్లు మొదలయ్యాయి. మళ్లీ వెయ్యమని ఎవరైనా లేచి అడగాలి. ఆఫీసు మీటింగులో నా పేరు చెప్పడానికే గొంతు పెగలదు నాకు. కానీ చిన్నప్పుడు తాతయ్య వెంట పద్యనాటకాలకు వెళ్లేదాన్ని. అక్కడ రాగం నచ్చితే ఎవరి అనుమతీ అక్కర్లేదు, అరవడమే.

"వన్స్ మోర్!"

హాలంతా మా వైపు తిరిగింది. నేను కుర్చీలోకి జారిపోయాను. అంకుల్ మాత్రం వేళ్లు నోట్లో పెట్టుకుని, అభిమాన హీరో కోసం దాచుకున్న ఈల వేశారు. ముందు వరుసవాళ్లు నవ్వుతూ "వన్స్ మోర్" అందుకున్నారు. క్లబ్బు నడిపే పెద్దాయన చేతులెత్తేసి, చిత్రాన్ని మళ్లీ మొదటినుంచి వేశాడు.

అమ్మాయిలు మళ్లీ వచ్చారు. అందరూ కుడివైపు తిరిగారు. చివరి అమ్మాయి ఒక్కతే ఎడమవైపు తిరిగి, పక్కమ్మాయిని ఢీకొని, నవ్వు ఆపుకోలేకపోయింది.

"అదిగో, అమ్మ!" ఇంటావిడ లేచి నిలబడింది. "అందరికంటే తనే బాగా ఆడేదాన్నని జన్మంతా మాకు చెప్పింది!"

వెనకవాళ్లకు తెర కనబడి ఉండదు. అయినా ఎవరూ ఆవిడను కూర్చోమనలేదు.