గోడ మీద చాచిన చెయ్యి

మొన్న మా అపార్ట్‌మెంటు లిఫ్టులో జోడీల పట్టిక అంటించారు. తెల్లపొద్దు ఈ ఎండాకాలంలోనే రావచ్చని రోజూ ఫోన్లు మోగుతున్నాయి కదా, అందుకని. నా పేరు పక్కన ఎవరున్నారా అని చూద్దును కదా, ఎదురు ఫ్లాటు అమ్మాయి! నడవాలో సగం దాకా చెప్పుల స్టాండు పెట్టి, ఇదేమిటమ్మా అని అడిగినందుకు ఆరు నెలలుగా నాతో మాట మానేసిన మహాతల్లి. పేరు కొట్టేసి వాచ్‌మన్‌తో వేరే జోడీ అడుగుదామని ఇంట్లోంచి పెన్ను తెచ్చాను. గీత పెట్టబోతుంటే మా అవ్వ గుర్తొచ్చింది. పెన్ను మూత పెట్టేశాను.

ఇప్పుడంటే ఫోన్లు చెబుతున్నాయి గానీ, మా చిన్నప్పుడు శామీర్‌పేట పక్కన మా ఊళ్లో కోళ్లు చెప్పేవి. పట్టపగలు ఉన్నట్టుండి ఎక్కడివక్కడ కూలబడేవి. నీడలు అంచుల నుంచి వెలిసిపోయేవి. అంతలోనే మసీదు మైకు, చర్చి గంట ఒకేసారి మోగేవి. ఆ తర్వాత నేలా ఆకాశం సున్నం కొట్టినట్టు తెల్లబడి, పాలు పొంగేంతసేపు అలాగే ఉండేవి. ఆ కాసేపూ ఇంకో మనిషి చెయ్యి పట్టుకుని ఉన్నవాళ్లు మిగిలేవారు. ఒంటరిగా ఉన్నవాళ్లు, ఇంట్లో దాక్కున్నా సరే, మాయమైపోయేవారు. పోయినవాళ్లు తిరిగొచ్చింది లేదు. రెండేళ్లకు వస్తుందో అయిదేళ్లకు వస్తుందో దాని ఇష్టం. అందుకే ప్రతి మనిషికీ ఒక జోడీ ఉండేది. ఇంట్లోవాళ్లు పనులకు తలో దిక్కూ పోతారు కనుక జోడీ ఎప్పుడూ పక్కింటి మనిషే. ఇద్దరూ ముందే అనుకున్న చోటికి వచ్చి కదలకుండా నిలబడాలి. ఒకరినొకరు వెతుక్కుంటూ ఉరికితే ఇద్దరూ పోతారని పెద్దలు మరీ మరీ చెప్పేవారు.

మా అవ్వ జోడీ పక్కింటి ముస్లిం ఆవిడ. నేను ఖాలా, అంటే పిన్ని, అని పిలిచేదాన్ని. వాళ్లిద్దరికీ పడదని చెబితే చాలా మర్యాదగా చెప్పినట్టు. మధ్యలో నడుమెత్తు మట్టిగోడ. దాని మీదుగా ఒక పూట కూరగిన్నెలు నడిచేవి, ఇంకో పూట తిట్లు. తెల్లపొద్దు వచ్చినప్పుడు మాత్రం ఇద్దరూ గోడకు చెరో పక్కా నిలబడి చేతులు పట్టుకునేవారు, మొహాలు చెరో దిక్కుకు తిప్పుకుని. అంతా అయ్యాక అవ్వ చెయ్యి కొంగుకు తుడుచుకునేది. "ఏమంటింది అక్కా నా చేతికి, బంగారమా?" అని ఖాలా నవ్వేది.

నాకు ఏడేళ్లప్పుడు ఖాలా మేక మా చిక్కుడు పాదును మొదలంటా మేసేసింది. "మేకనంటే ఏమొస్తది? దాన్ని ఇడిసిపెట్టినదాన్ని అనాలె. ఇగ సచ్చినా దాని చెయ్యి పట్ట!" అని అవ్వ వాడంతా వినేటట్టు ఒట్టేసుకుంది.

పది రోజులు తిరక్కుండానే నాకు జ్వరం తగిలి బడి మానేశాను. అమ్మ ద్రాక్షతోటలో పనికి పోయింది. ఖాలా భర్త మేడ్చల్ పోయాడు. అవ్వ నా నుదుటి మీద తడిగుడ్డ వేస్తుండగా వాకిట్లో కోళ్లు కూలబడ్డాయి. వెంటనే గోడ అవతలి నుంచి ఖాలా గొంతు. "అక్కా! జల్దీ రా! గుస్సా తర్వాత జేద్దువు, ముందుగాల చెయ్యియ్యి!" మంచం మీది నుంచి నాకు కనబడుతూనే ఉంది, గోడ మీదుగా చాచిన చెయ్యి, దానికి ఆకుపచ్చ గాజులు.

తెల్లదనం విడిచేసరికి గోడ దగ్గర ఎవరూ లేరు. కాసేపటికి ఖాలా పొయ్యి మీది పప్పు మాడిన వాసన వచ్చింది. అవ్వే వెళ్లి ఆ గిన్నె దించింది. బూడిదతో తోమి, తోమి, సాయంత్రం దాకా అక్కడే కూర్చుంది. ఖాలా భర్త వచ్చి గుమ్మంలో నిలబడితే, "తప్పు నాదే భయ్యా. నేనే పోలె" అంది. నేను ఆమె వెనకాల నిలబడి వింటున్నాను. ముసలిది మనవరాలి చెయ్యి పట్టుకుని కూర్చుందట, రెండో చెయ్యి ఇయ్యలేదట, చిక్కుడు పాదుకు ఒక మనిషిని బలిపెట్టిందట. ఊరంతా ఇదే మాట. అలియాబాద్‌లో ఉన్న మా మేనత్త కూడా నమ్మింది.

జరిగింది అది కాదు. ఖాలా కేక విన్న వెంటనే అవ్వ లేచింది. "దా బిడ్డా, గోడకాడికి పోదాం" అని నన్ను ఎత్తుకోబోయింది. బయట తెల్లబడుతుంటే నాకు ప్రాణాలు పోయినంత భయమేసింది. మంచం కోడుకు కాళ్లు మెలేసి, ఆమె రెండు చేతులూ పట్టుకుని గుంజాను. "పోకవ్వా, పోకే" అని ఏడ్చాను. విదిలించుకుని పోతే నేనుండను. నన్ను ఊడదీసి ఈడ్చుకెళ్లేంత సమయం లేదు. గోడ పట్టుమని పదడుగుల దూరం కూడా లేదు. "అక్కా" అన్న పిలుపు మూడోసారి సగంలో ఆగిపోయింది.

ఈ ముక్క అవ్వ చచ్చేదాకా ఎవరికీ చెప్పలేదు. నేనూ చెప్పలేదు. ఏడేళ్లప్పుడు భయమనుకోండి, ఇరవై ఏళ్లప్పుడు ఏమొచ్చింది నాకు? సిగ్గులేనితనం, అంతే. ఖాలా పోయాక ఊళ్లో ఎవరూ అవ్వకు జోడీగా ఉండటానికి ఒప్పుకోలేదు. నేనే ఉంటానన్నాను. వచ్చిన ప్రతి తెల్లపొద్దుకూ గోడ దగ్గరే నిలబడేవాళ్లం. నాకు ఒక్క చెయ్యే ఇచ్చేది. "ఇంకోటి ఖాళీగ ఉండాలె బిడ్డా" అని, దాన్ని గోడ అవతలికి చాచి ఉంచేది. నన్ను ఒక్కనాడూ ఒక్క మాట అనలేదు. అని ఉంటే బాగుండేది.

పెన్ను ఇంట్లో పడేసి ఎదురు తలుపు కొట్టాను. ఆ అమ్మాయి మొహం చిట్లించుకునే తీసింది. "మనకు పడదు గదా ఆంటీ. ఆ రోజు నిజంగ వస్తరా?" అంది. ఆ పిల్ల కళ్లలో భయం చూసి నాకు చెప్పుల స్టాండు మీది కోపం ఎటు పోయిందో తెలియలేదు. "వస్తనే. నువ్వు నీ తలుపుకాడ్నే నిలవడు, ఎటూ ఉరకకు" అన్నాను. తెల్లపొద్దు ఉండేది పాలు పొంగేంతసేపే అంటారు. ఖాలా పోయిన నాటిది నాకు ఇంకా అయిపోలేదు.