తీసేసిన సీసం

2007 వేసవిలో మా సర్వే కంపెనీ నన్ను మసాచుసెట్స్ తీరంలోని ఒక రేవుకు పంపింది. సీనియర్ మెరైన్ సర్వేయర్‌గా నా పని ఒక పాత స్కూనర్‌కు స్టెబిలిటీ పరీక్ష చేయడం. స్కూనర్ అంటే రెండు తెరచాప కొయ్యలున్న ఓడ. ఒకప్పుడు చేపల వేటకు వెళ్లిన ఈ ఓడలే పందేల్లోనూ పోటీపడేవి. ఆ రోజుల గుర్తుగా అక్కడ ఏటా పందెం జరుపుతారు. నేను సంతకం పెట్టకపోతే ఇన్సూరెన్స్ లేదు, ఇన్సూరెన్స్ లేకపోతే శనివారం పందెంలో చోటు లేదు.

ఓడ యజమాని కెప్టెన్ వాల్టర్‌కు డెబ్బై దాటాయి. వాళ్ల తాత ఆ ఓడ మీదే పందేలు గెలిచాడట. ఆ కథ ఓడ ఎక్కగానే ఒకసారి, కాఫీ దగ్గర ఇంకోసారి విన్నాను.

పరీక్ష పద్ధతి సులువే. డెక్ మీద కొంత బరువును ఒక పక్క నుంచి మరో పక్కకు జరుపుతాం. ఓడ ఎంత ఒరిగిందో వేలాడదీసిన గుండు చూపిస్తుంది. ఎక్కువ ఒరిగితే నిలదొక్కుకునే శక్తి తక్కువని అర్థం. ఈ ఓడ మరీ ఒరిగిపోయింది. మళ్లీ చేశాం, మళ్లీ అంతే. లెక్కలో తప్పు దొరక్క తల పట్టుకున్నాను. నా సహోద్యోగి సుధ ఓడ పక్కన నీటిమట్టం గుర్తులు చూసి వచ్చింది.

“మూర్తిగారూ, డ్రాయింగ్‌లో కన్నా పైకి ఫ్లోట్ అవుతోంది. లోపల ఏదో మిస్ అయినట్టుంది, చెక్ చేద్దాం రండి” అంది.

దిగి చూస్తే అడుగున ఉండాల్సిన సీసపు దిమ్మలు చాలావరకు లేవు. వాటినే బాలస్ట్ అంటారు. గాలికి ఓడ తిరగబడకుండా ఆపేది ఆ బరువే. వాల్టర్‌ను అడిగాను. శనివారం గాలి తక్కువట, తేలికైన ఓడ జోరుగా పోతుందని తీసేశారట. తాత కూడా అలాగే చేసేవాడట. మరి ముందే ఎందుకు చెప్పలేదంటే, మీరు అడగలేదుగా అన్నాడు. నాకు ఒళ్లు మండిపోయింది. తాత కథ రెండుసార్లు చెప్పిన మనిషికి ఈ ఒక్క ముక్క చెప్పడానికి నోరు రాలేదు.

దిమ్మలు తిరిగి పేర్చి, మళ్లీ పరీక్ష చేసేసరికి శనివారం మధ్యాహ్నమైంది. ఓడ నిబ్బరంగా నిలబడింది, సంతకం పెట్టాను. పందెం అప్పటికే మొదలైపోయింది. వాల్టర్ ఆ కాగితం పట్టుకుని దూరంగా పోతున్న తెరచాపలను చూస్తూ నిలబడ్డాడు. నాకు జాలి వేసింది, కోపం మాత్రం తగ్గలేదు.

ఓడకు ఏం చేర్చారో యజమానులు అడగకుండానే చెబుతారు. ఏం తీశారో అడిగితే గానీ చెప్పరు. రిటైరయ్యేవరకు ఏ ఓడ ఎక్కినా నేను మొదట అడిగింది అదే.