వార్డెనమ్మ గంజి

వేసవి మొదట్లో ఒక్క వాన పడితే చాలు, మా అరకు కొండల మీద కాఫీ తోటలు తెల్లగా పూస్తాయి. ఆ వాసనకి రోడ్డు మీద వెళ్ళేవాళ్ళు కార్లు ఆపి దిగుతారు, ఫొటోలు తీసుకుంటారు. నాకు మాత్రం ఆ వాసన పడదు. తలుపు వేసుకుని లోపల కూర్చుంటాను. ఆ పూలు పూసిన రోజుల్లోనే నాకు కాన్సరు మందు ఎక్కించారు. మంచం మీద పడి ఉన్న నాకు కిటికీలోంచి ఆ వాసన వస్తూనే ఉండేది. దానితో పాటు సుభద్రమ్మ గారి అడుగుల చప్పుడు కూడా. అప్పట్లో ఆ చప్పుడంటే నాకు భయం.

ఆవిడ మా గిరిజన బాలికల హాస్టలుకి వార్డెను. బొబ్బిలి వైపు మనిషి. నేను అక్కడ వంట ఆయాని. భర్త పోయాక ఆ కొలువే నాకు ఆధారం, హాస్టలు వెనక ఊళ్ళో మా అక్క చిలకమ్మ ఇల్లే నీడ. వార్డెనమ్మకి దేని మీదా నమ్మకం ఉండేది కాదు. పప్పు బస్తా విప్పగానే మోచేతి దాకా చెయ్యి పెట్టి అడుగునున్న పప్పు తీసి చూసేవారు. నూనె వాసన చూసేవారు. జ్వరమని పడుకున్న పిల్ల నుదురు తాకి, మెడ తాకి, అప్పుడు గాని బడి మాన్పించేవారు కాదు. పిల్లలు చాటున ఆవిడని అనుమానాలమ్మ అనేవారు. ఆ పేరు ఆవిడ చెవిన పడింది. పెట్టిందెవరని మాత్రం ఎన్నడూ అడగలేదు. బహుశా ఆవిడకి అనుమానం లేని సంగతి అదొక్కటే.

ఒకరోజు బియ్యం కొలిచి వంటింట్లోకి వెళ్తుంటే నన్ను ఆపారు. కొన్నాళ్ళుగా నేను ఎడమ చెయ్యి ఒంటికి నొక్కుకుని నడుస్తున్నానట. "ఏటే కాసులమ్మా, ఆ చంకలో ఏటి దాచేవు?" అని అడిగారు. బియ్యం మూట దాచాననుకున్నారు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఆవిడ చెయ్యి పట్టుకుని నా చంకలో పెట్టాను, చూసుకోమన్నాను. చూశారు. చెయ్యి వెంటనే తియ్యలేదు. నిమ్మకాయంత గడ్డ అక్కడ ఉందని నాకూ తెలుసు, నొప్పి లేదు కదా అని ఊరుకున్నాను. ఆవిడ ఊరుకోలేదు. ఆ వారంలోనే నన్నూ అక్కనూ విశాఖపట్నం పెద్దాసుపత్రికి పంపారు. దొంగ అన్న మాటకి మాత్రం క్షమాపణ చెప్పలేదు. ఆ కోపం నాలో అలాగే ఉండిపోయింది.

కాన్సరని తేల్చి ఆపరేషను చేశారు. తర్వాత సెలైనులో కలిపి మందు ఎక్కించడం మొదలుపెట్టారు. మొదటిసారి వాంతులతో పోయింది. రెండోసారి ఎక్కించుకుని వచ్చాక విరేచనాలు పట్టుకున్నాయి. అంతకు ముందు రోజు పొద్దున వార్డెనమ్మ ఇడ్లీలు తెచ్చి పెట్టారు. మా అక్క ఆ రెండు సంగతులనీ ఒకచోట చేర్చి చూసింది.

మా వైపు ఒక భయం ఉంది. గిట్టనివాళ్ళు తిండిలో మందు పెడతారని, అది కడుపులో కూర్చుని మనిషిని కొంచెం కొంచెంగా తినేస్తుందని. దాన్ని కక్కించేవాళ్ళూ ఉన్నారు. ఏవో ఆకులు నూరి తాగిస్తే పేగులు తిరగబడేటంత వాంతి అవుతుంది, దాంతో పెట్టుడు మందు పోతుందంటారు. వార్డెనమ్మకి నా మీద ఏం పగ అని అక్కని అడిగాను. పగ కాదట. నా కొలువులో తన ఊరి మనిషిని పెట్టుకోవాలని చూస్తోందట. నాకది నిజమే అనిపించింది. నన్ను దొంగ అనుకున్న మనిషి, నాకు విరేచనాలని తెలిసినప్పటినుంచి రోజూ గంజి ఎందుకు మోసుకొస్తోంది? అక్క మరో మాట అడిగింది. "ఆవిడ ఒక్కనాడన్నా నీ ఎదట ఓ గుక్క తాగిందా?"

తాగలేదు. మా కొండల్లో కల్లయినా అంబలైనా ఇచ్చినవాళ్ళు ముందు ఒక గుక్క తాగి చూపిస్తారు, ఆ తర్వాతే చేతికిస్తారు. చుట్టానికైనా అంతే. ఆవిడ మూత పెట్టిన గిన్నె మూత పెట్టినట్టే తెచ్చి, నా మంచం పక్కన పెట్టి వెళ్ళిపోయేవారు. ఆవిడ మలుపు తిరిగేదాకా చూసి అక్క ఆ గంజిని దడి పక్కన పారబోసేది. నీళ్ళు కూడా ఇచ్చేది కాదు, కడుపు ఎండితే అదే కట్టుకుంటుందని. మాటిమాటికీ బయటికని గెడ్డ వాగు దాకా వెళ్ళి రావడానికి నాకు ఓపిక లేదు. ఒళ్ళంతా ఒరుసుకుపోయి మంట. నాలుక అట్టముక్కలా అయింది. ఉచ్చ రావడం కూడా తగ్గిపోయింది. సంత దగ్గర పడింది. సంత నుంచి కక్కించే మనిషి దగ్గరికి తీసుకెళ్తానని అక్క మాట ఇచ్చింది. నేనూ ఒప్పుకున్నాను.

సంతకి ముందు రోజు పొద్దున వార్డెనమ్మ గిన్నెతో వచ్చి, నేరుగా లోపలికి రాకుండా దడి దగ్గర ఆగారు. అక్కడ కోళ్ళు మెతుకులు ఏరుకుంటున్నాయి.

"కోళ్ళకా చిలకమ్మా, నేను గంజి కాస్తున్నది?"

అక్క తడబడలేదు. "మా కొండల్లో ఇచ్చినోలు ముందు తాగుతారు. నువ్వు ఒక్కపాలి తాగనేదు. నీ గంజి మాకెందుకు?"

వార్డెనమ్మ గిన్నె అరుగు మీద పెట్టారు. ఎంగిలి చేసింది ఇంకొకరికి పెట్టడం తమ ఇళ్ళల్లో తప్పని, అందుకే మూత కూడా తియ్యకుండా తెచ్చానని నెమ్మదిగా చెప్పారు. తర్వాత రెండు గ్లాసులు తెమ్మన్నారు. ఒకే గిన్నెలోంచి రెండింట్లోనూ పోశారు. నా ఒంట్లో రోగాన్ని ఆపే శక్తి ఇప్పుడు తక్కువని, ఎవరి ఎంగిలీ నాకు తగలకూడదని అన్నారు. తన గ్లాసు మాకు కనబడేలా ఎత్తి ఖాళీ చేశారు.

"ఇదిగో, ఇక్కడే కూర్చుంటాను. నాకేమైనా అయితే అప్పుడు పారబోయండి."

నిజంగానే కూర్చున్నారు. హాస్టలు పని వదిలి, మా అరుగు మీద, పొద్దు నడినెత్తికి వచ్చేదాకా. అక్క ఎదురుగా కూర్చుని ఆవిడ ముఖాన్నీ పొట్టనీ చూస్తూనే ఉంది. ఆవిడ ఒకసారి దగ్గితే అక్క లేచి నిలబడింది. నేను కొంచెం కొంచెంగా, చెంచా మీద చెంచాగా తాగాను. ఉప్పు వేసిన పలచటి గంజి. అంత రుచి నేను మళ్ళీ ఎరగను. అయినా నా అనుమానం పూర్తిగా పోలేదు, విరుగుడు ముందే మింగి వచ్చిందేమో అనుకున్నాను.

వెళ్ళబోయే ముందు అలవాటుగా నా నుదురు తాకారు. మెడ తాకారు. నా ఒళ్ళు కాలిపోతోంది. జీపు పిలిపిస్తాను, ఇప్పుడే విశాఖ వెళ్ళాలన్నారు. అక్క అడ్డంగా నిలబడింది, రేపు సంతకి వెళ్ళాలని, ఆవిడ తెచ్చే జీపు ఎక్కితే చెల్లెలు తిరిగి రాదని. అప్పుడు ఆవిడ అక్కని బతిమాలలేదు, కసరలేదు.

"నన్ను నమ్మొద్దు చిలకమ్మా. డాక్టరు మాట్లాడినప్పుడు నేను లేను, నువ్వున్నావు. జ్వరం వస్తే ఏటి చెయ్యమన్నాడు? నువ్వే చెప్పు."

అక్క నేల చూసింది. దడి చూసింది. చివరికి మెల్లగా అంది. "బేగి తెచ్చీమన్నాడు. విరేచనాలతో జ్వరమొస్తే ఒక్క పూట కూడా ఆగొద్దన్నాడు."

ఆ మాట అక్క నోట వచ్చింది కాబట్టే నేను జీపు ఎక్కాను.

ఆసుపత్రిలో సెలైను పెట్టారు, జ్వరానికి సూదులు వేశారు. కాన్సరు మందు గడ్డనే కాక పేగు లోపలి పొరని కూడా దెబ్బతీస్తుందని, విరేచనాలు అందుకేనని డాక్టరు మరోసారి విడమరచి చెప్పాడు. కక్కించే ఆకుల సంగతి అక్క బయటపెడితే ఆయన చేస్తున్న పని ఆపి మా వైపు తిరిగాడు. ఆ ఒంటికి వాంతి కూడా తోడైతే మనిషి దక్కేది కాదన్నాడు.

మిగతా విడతలన్నీ అక్కా వార్డెనమ్మా కలిసి దాటించారు. కలిసి అంటే ఒకరినొకరు కాపలా కాస్తూ. మరుగుదొడ్డి పక్కనున్న హాస్టలు గది నాకిచ్చారు. కాచి చల్లార్చిన నీళ్ళలో ఉప్పు చక్కెర పొట్లం కలిపి గుక్క గుక్కగా పట్టించేవారు. గంజి, మెత్తటి అన్నం, అరటిపండు పెట్టేవారు. పాలూ కారమూ నూనె సరుకూ మాన్పించారు. విరేచనం కట్టే మాత్ర డాక్టరు ఇమ్మన్నప్పుడే. బయటికి వెళ్ళి వచ్చిన ప్రతిసారీ గోరువెచ్చటి నీళ్ళతో కడిగి, అద్ది తుడిచి, కొబ్బరినూనె రాసేది అక్క. ప్రతి గ్లాసుకీ పక్కన రెండో గ్లాసు ఉండేది. ఎవరు తెస్తే వాళ్ళు తాగి చూపించేవారు, వార్డెనమ్మ ఎదట అక్కయినా సరే.

జుట్టు మళ్ళీ మొలిచాక ఆవిడ నా చేతికి పలక ఇచ్చారు. నలభై దాటిన నన్ను మూడో తరగతి ఆడగుంటల పక్కన కూర్చోబెట్టారు. పొట్లం మీద ఏం రాసి ఉందో ఇంకొకరు చదివి చెబితే నువ్వు నమ్మవుగా, నువ్వే చదువుకో అన్నారు. ఎగతాళికి కాదు, నన్ను ఎరిగి అన్నారు. తర్వాత ఆవిడకి కింద మైదానంలో ఎక్కడికో బదిలీ అయింది. పోయారని కొన్నేళ్ళకి తెలిసింది. అక్క మాత్రం తను పోయేదాకా, గంజి మంచిదే గానీ ఆ ఇడ్లీల్లో ఏదో ఉందనే అంటూ ఉండేది.

ఇప్పుడు చుట్టుపక్కల ఊళ్ళలో ఎవరైనా విశాఖలో ఆ మందు ఎక్కించుకుని వచ్చి కడుపు జారి పడితే నాకు కబురు పెడతారు. వెళ్ళగానే జ్వరం చూస్తాను, ఉంటే ఇంకేమీ మాట్లాడకుండా ఆసుపత్రికి పంపిస్తాను. లేకపోతే దగ్గర కూర్చుని నెమ్మదిగా అడుగుతాను, నీ అనుమానం ఎవరి మీద అని. ఆ పేరు బయటికి రాకుండా వాళ్ళ లోపలికి గుక్క నీళ్ళు వెళ్ళవని నాకు తెలుసు. అత్త పేరు చెబుతారు, తోటికోడలి పేరు చెబుతారు. మొన్న ఒక గుంట మాత్రం చాలాసేపు నా చేతిలో గిన్నె చూసి, "నీ మీదే" అంది.

ఇంకో గ్లాసు అడిగి తెప్పించుకుని నా వంతు తాగాను. ఆ పూటంతా వాళ్ళ అరుగు మీద కూర్చున్నాను, వాళ్ళమ్మ నన్ను కన్నార్పకుండా చూస్తూ ఉంటే.