కార్డులో ముప్పై ఎనిమిది, కడుపులో నలభై ఒకటి

నన్ను ఎనిమిదేళ్లు దాటాక బడిలో వేశారు. అంతదాకా తమ్ముణ్ణి ఎత్తుకుని తిరగడమే నా పని. పేరు రాసుకున్న సారు అమ్మతో, "ఐదేండ్లని రాస్తున్న. రేపు నౌకరికి మూడేండ్లు కలిసొస్తయి" అన్నారట. జూన్‌లో ఏదో తేదీ పడేశారు. మా క్లాసులో సగం మంది పుట్టినరోజు అదే. నేను పుట్టింది మాత్రం దసరా ముందర, మొక్కజొన్న చేలల్లో మక్కలు విరిచే కాలంలోనని అమ్మ ఇప్పటికీ చెబుతుంది.

ఆ మూడేళ్లు నాకు బాగానే పనికొచ్చాయి. పీహెచ్‌డీలో పడి పెళ్లి మాట మరిచిన నాకు ముప్పై ఏడేళ్లకు సంబంధం వచ్చినప్పుడు మరీ పనికొచ్చాయి. అబ్బాయివాళ్లది రాయలసీమ, ఉండేది తార్నాకలో. వయసడిగితే అమ్మ తడుముకోకుండా ముప్పై నాలుగంది. ఆయనకప్పుడు ముప్పై ఐదు. పక్కగదిలో వింటూ నేను నోరు మెదపలేదు. సిగ్గుపడాల్సిన విషయమే, కాదనను.

పెళ్లయిన నాలుగేళ్లకు కడుపు నిలిచింది. అంతకుముందు ఒకటి మూడో నెలలోనే పోయింది, అందుకని ఈసారి మెట్లు దిగాలన్నా భయమే. మూడో నెల నిండుతుండగా డాక్టరమ్మ స్కానింగూ రక్తపరీక్షా రాసింది. బిడ్డ క్రోమోజోముల్లో తేడా ఉండే అవకాశం ఎంతో వాటితో అంచనా కడతారట. "ఈ లెక్క చాలావరకు తల్లి వయసు మీద నడుస్తది, సరిగ్గా చెప్పాలె" అంది.

ఎవరికి చెప్పింది? క్యాంపస్‌లో పీజీ పిల్లలకు స్టాటిస్టిక్స్ చెప్పే నాకు. తప్పు అంకె వేసి సరైన జవాబు కోసం చూస్తారా అని ఆ పొద్దున్నే క్లాసంతటినీ తిట్టి వచ్చాను.

డాక్టరమ్మ ఆసుపత్రిలోనే ఉన్న స్కానింగ్ సెంటర్‌కు అత్తమ్మ తోడొచ్చింది, ఒళ్లో నీళ్ల సీసా పెట్టుకుని. కౌంటర్‌లో అమ్మాయి ఆధార్ చూసి ఫారం నింపుతూ, "ముప్పై ఎనిమిది కదా మేడం" అంది.

తల ఊపితే అయిపోయేది. జన్మంతా ఊపినదాన్నే. కానీ ఈసారి ఆ అంకె నాది కాదు, నా బిడ్డది. ఒళ్లు మండింది, ఎవరి మీదో కాదు, నా మీదే.

"కాదమ్మా. నలభై ఒకటి. బడిల తక్కువ రాసిన్రు. మక్కలు విరిచే నెలల పుట్టిన."

"ఆధార్‌ల గట్ల లేదు కదా మేడం. కార్డుల ఎట్లుంటే గట్లనే కొట్టాలె."

"నా రక్తం ఆధార్ చూసి పారుతదా తల్లీ? నలభై ఒకటి రాయి. కింద సంతకం నేను పెడ్త."

హాలంతా నావైపు తిరిగింది. తిరగనీ. డాక్టరమ్మ బయటికొచ్చి, సంగతి విని, రక్తపరీక్ష ఫారంలో పుట్టిన సంవత్సరం తన చేత్తోనే దిద్దింది. అత్తమ్మ సీసా మూత తిప్పుతూ కూర్చుంది.

ఇంట్లో చెప్పులు విప్పకముందే అత్తమ్మ మొదలుపెట్టింది.

"మావోని కంటే పెద్దదానివా? మీయమ్మ మా ఎదురుగా కూర్చోని ఎంత అబద్ధం చెప్పింది!"

"చెప్పింది అత్తమ్మా. నేను విన్న. తప్పు నాది గూడ, ఎంతైనా తిట్టుండ్రి. కానీ కడుపుల బిడ్డకాడ గూడ అబద్ధమాడాల్నా?"

"రేపు ఏదన్నా తేడాగా పుడితే? ఈ వయసులో ఏం చేస్తావమ్మే?"

"పెంచుత. తెలిసి పెంచుత."

అమ్మ ఫోన్‌లో, "నోరు మూసుకొని కూసుంటే నీ సొమ్మేం పోయేదే?" అని అరిచింది. ఆయన "నాకైనా చెప్పింటే బాగుండు" అని రెండు రోజులు ముభావంగా తిరిగారు. ఆ బాధ న్యాయమైందే. క్షమించమని అడిగాను. కౌంటర్ దగ్గర అన్న మాటకు మాత్రం ఎవరికీ క్షమాపణ చెప్పలేదు.

రిపోర్టులో హై రిస్క్ అని వచ్చింది. "ముప్పై ఎనిమిదని వేస్తే గీత దాటకపోయేది, మేం ఇంకో పరీక్ష అడగకపోయేటోళ్లం" అంది డాక్టరమ్మ. తేడా ఉన్నట్టు కాదు, ఇంకా చూడాలని. ఇక సూదితో ఉమ్మనీరు తీసి చూడటమే. దానివల్ల గర్భం పోయే ప్రమాదం కొద్దిగా ఉందని కూడా దాచకుండా చెప్పింది. ఒకటి పోగొట్టుకున్నదాన్ని, ఆ "కొద్దిగా" ఎంత బరువో నాకు తెలుసు. బాత్రూంలో నల్లా తిప్పి ఏడ్చాను. తర్వాత వెళ్లి తేదీ తీసుకున్నాను.

సూది వేసే రోజు నేను పిలవకుండానే అత్తమ్మ చీర మార్చుకుని ఆటోలో కూర్చుంది. సీతాఫల్‌మండి దాటాక, "మా చిన్నదాన్ని కన్నప్పుడు నాకెన్నేండ్లో నాకే తెలీదమ్మే. అప్పుడు ఎవురడిగినారు?" అంది.

రిపోర్టు కోసం మూడు వారాలు. డిపార్ట్‌మెంట్‌లో ఒక పెద్దాయన, "ఈ వయసులో అవసరమా మేడం?" అన్నారు. "అవసరం కాదు సార్, ఇష్టం" అని క్లాసుకు పోయాను.

తేడా లేదని వచ్చింది. వచ్చి ఉంటే? ఉంచుకునేదాన్నే. ఇప్పుడనడం తేలికని తెలుసు, అయినా అంటాను. ఆరో నెలలో షుగర్ వచ్చింది, తర్వాత బీపీ. అన్నం కొలిచి తిన్నాను, రోజూ క్యాంపస్‌లో చెట్ల కింద నడిచాను, ఎదురొచ్చి నా పొట్ట చూసి గుసగుసలాడిన వాళ్లను నిలబడి చూశాను.

డిసెంబర్‌లో ఆపరేషన్ చేసి ఆడపిల్లను తీశారు. మర్నాడు జనన నమోదు కాగితాలతో ఒకతను వార్డుకొచ్చి, నా ఆధార్ చూస్తూ, "తల్లి వయసు ముప్పై ఎనిమిది" అని రాయబోయాడు. కుట్ల నొప్పికి నేను లేచి కూర్చునే లోపే, బిడ్డను ఒళ్లో పెట్టుకున్న అత్తమ్మ గొంతు వార్డంతా వినిపించింది.

"ఆ కార్డు పక్కన పెట్టు నాయనా. మక్కలు విరిచే కాలం దాటిపోయె గదా. నలభై రెండని రాయి."