ఉమ్మ, అత్త, అన్న

ఆ పుస్తకం నా బల్ల మీదే ఉంది. వేల ఏళ్ల కిందట బాబిలోనియాలో మామూలు మనుషులు తడి మట్టి పలకల మీద రాసుకున్న ఉత్తరాలకు తెలుగు అనువాదం. అట్ట మీద ఒక్క పేరే ఉంది. అది నాది కాదు. రెండు పేర్లు ఉంటాయని మేమిద్దరం పని మొదలుపెట్టిన రోజే అనుకున్నాం.

దిల్‌సుఖ్‌నగర్‌లో గ్రూప్స్ పరీక్షలకు వెళ్లేవాళ్లకు నేను చరిత్ర చెబుతాను. అట్ట మీద పేరున్నతను ఎల్బీనగర్‌లో ఒక ప్రైవేటు బడిలో సోషల్ టీచరు. సొంతూరు నల్లగొండ వైపు పల్లె, తండ్రి పాస్టరు. బైబిల్ కోసం హీబ్రూ నేర్చుకున్నాడు. హీబ్రూ వచ్చినవాడికి ఆ పలకల భాష అక్కాడియన్ సగం వచ్చినట్టే. నాకు అలాంటి దగ్గరి దారి లేదు. వ్యాకరణాన్ని ప్రింటు తీయించి, స్పైరల్ బైండింగ్ చేయించుకుని, మెట్రోలో నిలబడి బట్టీపట్టాను.

ఆ ప్రింటు తీసిన జిరాక్సు షాపువాడు కాగితాలు తిరగేసి, "కోడి గెలికినట్టుంది, ఏ భాష సార్ ఇది?" అన్నాడు. అక్కాడియన్ అన్నాను. "అక్కడిదే, ఎక్కడిది?" అన్నాడు. షాపులో ఉన్నవాళ్లంతా నవ్వారు. నేనిప్పుడు వేరే షాపుకు వెళ్తున్నాను, అది రెండు వీధుల అవతల ఉన్నా సరే.

ఆ సోషల్ టీచరు ఒకసారి మా క్లాసుకు వచ్చి వెనక బెంచీలో కూర్చున్నాడు. అయిపోయాక బోర్డు దగ్గరికొచ్చి, "అన్నా, నువ్వు బోర్డు మీద గీసిన ఆ బాబిలోనియా అక్షరం తలకిందులున్నది," అన్నాడు. నిజమే. ఆ నిజాన్ని పిల్లలు వెళ్లిపోయాక చెప్పినందుకు అతని మీద నాకు గౌరవం కలిగింది. అప్పటి నుంచి ఆదివారాలు కలిసి చదివాం. వినాయక విగ్రహాలు చేసేవాళ్ల దగ్గర కాస్త మట్టి అడిగి తెచ్చి, ఐస్‌క్రీం పుల్లను చెక్కి, మేకుల్లాంటి ఆ గుర్తులను నొక్కడం నేర్చుకున్నాం. చదువు అయ్యాక గడ్డిఅన్నారంలో ఇడ్లీ. పండ్ల మార్కెట్ అక్కడి నుంచి వెళ్లిపోయాక ఆ వీధిలో ఇడ్లీకి మామిడిపండ్ల వాసన అంటడం మానేసింది.

అతను నన్ను మొదటి నుంచీ "అన్నా" అనేవాడు, "నువ్వు" అనేవాడు. నేను అతన్ని "మీరు" అనేవాణ్ని. నాకంటే చిన్నవాడైనా సరే. మాది కృష్ణా జిల్లా, పాలవాణ్ని కూడా మీరు అనే ఇల్లు. "నన్ను మీరంటే ఎవర్నో పిలుస్తున్నవనుకుంటున్న అన్నా," అని నవ్వేవాడు.

ఆ ఉత్తరాలన్నీ ఒకే తీరుగా మొదలవుతాయి. ఫలానావాడితో చెప్పు, ఫలానావాడు ఇలా అన్నాడు, అని. ఆ 'ఇలా అన్నాడు'కు వాళ్ల మాట 'ఉమ్మ'. 'నువ్వు' అనడానికి 'అత్త'. మొదటిసారి ఇవి పక్కపక్కన చదివినప్పుడు అతను పగలబడి నవ్వాడు. "ఉమ్మ ఉన్నది, అత్త ఉన్నది. ఇగ మామ ఒక్కడే తక్కువ. గిది భాషనా, పెండ్లిపందిరా?"

గొడవ వచ్చింది 'అఖు' దగ్గర, అంటే సోదరుడు. ఏదైనా అడగబోయే ముందు ఆ మనుషులు, "శుమ్మ అఖీ అత్త" అని రాసేవాళ్లు. నువ్వు నిజంగా నా సోదరుడివైతే, అని. రక్తసంబంధం ఉండక్కర్లేదు, సాటివాణ్ని అలా పిలుస్తారు. అఖు అంటే పెద్దవాడో చిన్నవాడో తెలియదు. తెలుగులో అది కుదరదు. అన్న అనాలి, లేకపోతే తమ్ముడు అనాలి. నేను 'సోదరా' అని రాశాను.

"సోదరా అని ఎవడు పిలుస్తడన్నా? చర్చిల మైకు ముందట తప్ప," అన్నాడు. "అన్నా అని పెడదాం."

"ఎవరు పెద్దో తెలియకుండా అన్నా అని ఎలా వేస్తారండీ?"

"గీ పట్నంల అన్నా అంటే వయసు కాదు. ఆటో ఆయన నన్నంటడు, నేను ఆటో ఆయన్నంటా. ఇద్దరం అన్నలమే."

నాకు ఆ మాట అంటే ఒళ్లు మంట. మా కోచింగ్ సెంటర్ డైరెక్టరు నా పొద్దుటి బ్యాచ్ తీసేసి తన బావమరిదికి ఇచ్చిన రోజు, "అన్నా, ఏమనుకోకు," అంటూ మొదలుపెట్టాడు. మన్సూరాబాద్‌లో ఇల్లు ఖాళీ చేయమన్న ఓనరు కూడా, "అన్నా, జర ఇను," అన్నాడు. ఈ ఊళ్లో నాకు జరిగిన ప్రతి అన్యాయం ముందూ ఆ పిలుపు ఉంది. ఇదంతా అతనికి చెప్పాను.

విని, ఇడ్లీ ప్లేటు పక్కకు జరిపాడు. "గదే కదన్నా నేననేది. గీ ఉత్తరం రాసినోడు గూడ గట్లనే వాడిండు. ముందుగల్ల అన్నా అన్నడు, ఎనుక మీద పడ్డడు."

ఆ వాదన సరైనదేనని నాకు అప్పుడే తెలుసు. తెలియడం, ఒప్పుకోవడం ఒకటి కాదు. "అన్నా అని అచ్చువేస్తే దాని మీద నా పేరు ఉండకూడదు," అని లేచి వచ్చేశాను.

కోపంలో అన్న మాట అది. వారం ఆగి ఫోన్ చేయాల్సింది అతను. మూసారాంబాగ్ స్టేషన్‌లో ఒకసారి కనిపించాడు కూడా, అటువైపు ప్లాట్‌ఫాం మీద. చెయ్యెత్తాడు. నేను ఎత్తలేదు. చిన్నవాడు దాటి రావాలి. రాలేదు.

పుస్తకం వచ్చాక ఎల్బీనగర్‌లో ఒక ఫంక్షన్ హాలు మేడ మీద సభ పెట్టాడు. వాట్సాప్‌లో ఆహ్వానం వచ్చింది, అందరికీ పంపినదే. వెళ్లి చివరి వరుసలో కూర్చున్నాను. అతను 'నువ్వు నిజంగా నా అన్నవైతే' అని చదివినప్పుడు హాలంతా నవ్వింది. ఆ పిలుపు వెనక ఏముంటుందో తెలిసినవాళ్లు నవ్వే నవ్వు. 'సోదరా' అని ఉంటే ఆ నవ్వు వచ్చేది కాదని నాకు తెలుసు. అందుకే అది ఇంకా గుచ్చుకుంది.

వేదిక దిగి వచ్చి ఒక కాపీ నా చేతిలో పెట్టాడు. "సార్, మీరు ఒస్తరనుకోలేదు."

సార్. మీరు. ముందు అట్ట చూశాను, తర్వాత అతన్ని.

"నా పేరేది?"

"మీరే వద్దన్నరు గద సార్. అన్నా అని వేస్తే పేరు ఉండొద్దన్నరు. మీ మాట కాదని ఎట్ల వేస్త?"

"మరి ఈ 'సార్' ఏంటి కొత్తగా?"

"అన్నా అంటే మీకు ఒళ్లు మంట అన్నరు కదా."

చెప్పిన ప్రతి మాటా పాటించాడు. అంతకంటే మనిషిని దూరం పెట్టే పద్ధతి నాకు తెలియదు. లోపల ముందుమాటలో ఒక వాక్యం ఉంది. 'కొన్ని సందేహాలు తీర్చిన దిల్‌సుఖ్‌నగర్ సార్‌కు కృతజ్ఞతలు.' కొన్ని సందేహాలట. ఎన్ని ఆదివారాలు ఆ మట్టి నా గోళ్లలో ఉండిపోయిందో.

ఇంటికొచ్చి తప్పుల కోసం చదివాను. పట్టుబట్టి చదివితే దొరకని తప్పు ఉండదు. వివరణలో ఉంది: 'ప్రతి ఉత్తరంలోనూ అమ్మ అనే మాట ఉంటుంది, ఇలా అన్నాడు అని దాని అర్థం.' కంపోజింగ్ చేసినవాడు 'ఉమ్మ'ను అచ్చుతప్పు అనుకుని పుస్తకం పొడవునా 'అమ్మ'గా దిద్దేశాడు. వ్యాపారి ఇంకో వ్యాపారికి, సైనికుడు అధికారికి, అందరూ అమ్మ అంటూ మొదలుపెట్టారు. హాల్లో ఎవరూ గమనించలేదు. అతనూ గమనించలేదు. ప్రూఫులు నా చేతిలో పడి ఉంటే ఒక్కటి కూడా దాటి పోయేది కాదు.

మొన్న మెసేజ్ పెట్టాడు. "సార్, రెండో ముద్రణకు పోతున్నం. ఏమన్న తప్పులుంటే చెప్పుండ్రి."

తప్పు ఉన్న ప్రతి చోటా ఎర్ర పెన్నుతో గుర్తు పెట్టి ఉంచాను. నేను మెసేజ్ చూసినట్టు అతనికి వాట్సాప్‌లో నీలం టిక్కులు కనిపించే ఉంటాయి. జవాబు ఇవ్వలేదు. అన్నా అని అడిగితే చెబుతాను.